పంచనామా మీద సంతకం: అక్రమ ఆయుధ కేసుల్లో సాక్ష్యం, సంశయం
(పెన్షనర్ల దినోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



ఈ రోజు సభ అంటే కరువు భత్యం, బకాయిలు, వైద్య ఖర్చుల సంగతి మాట్లాడతారని అందరూ అనుకుంటారు. ఆ సంగతులు మన కార్యదర్శిగారు ఎలాగూ చెబుతారు. 1982 డిసెంబరు 17న నకారా కేసులో సుప్రీంకోర్టు, పెన్షన్ అంటే సర్కారు దయతో పెట్టే భిక్ష కాదు, మన హక్కు అని తేల్చింది. అందుకే ఈ తేదీన కలుసుకుంటున్నాం. హక్కు ఇచ్చిన న్యాయస్థానం మన నుంచి ఆశించేది కూడా ఒకటి ఉంది. అది సాక్ష్యం. దాని గురించి నాలుగు మాటలు మనవి చేస్తాను.

నేను కలెక్టరాఫీసులో గుమాస్తాను. వకీలును కాను. మెజిస్టీరియల్ సెక్షనులో పనిచేసిన ఏళ్ళలో ఆయుధాల చట్టం కింద వచ్చే మిసళ్ళు నా బల్ల మీదుగా పోయేవి. అక్రమంగా తుపాకి ఉంచుకున్నవారి మీద కేసు నడపాలంటే ముందు జిల్లా మేజిస్ట్రేటు అనుమతి కావాలి గనుక పోలీసులు ఆ కాగితాలు మాకు పంపేవారు. అందులో ఎఫ్.ఐ.ఆర్. తర్వాత ముఖ్యమైన కాగితం పంచనామా. దాని అడుగున ఇద్దరు పంచుల సంతకాలు. ఆ ఇద్దరిలో ఒకరు చాలాసార్లు మనలాంటివారే. ఉపాధ్యాయుడో, గుమాస్తానో, రిటైరైన ఉద్యోగో.

ఎందుకు మనలాంటివారు? తనిఖీ చేసేటప్పుడు ఆ ప్రాంతంలో నివసించే, ఎవరి పక్షమూ కాని, గౌరవనీయులైన ఇద్దరిని లేదా అంతకన్నా ఎక్కువ మందిని పిలవాలని చట్టం చెబుతుంది. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడులో అది 100వ సెక్షను. 2024 జులై 1 నుంచి అమలులోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 103వ సెక్షను. 1984లో పటేల్, పట్వారీ వ్యవస్థ రద్దయ్యే వరకు మన పల్లెల్లో పోలీస్ పటేల్ లేకుండా పంచనామా జరిగేది కాదు. తర్వాత గ్రామ అధికారుల పేర్లు మారుతూ వచ్చాయి. 2020లో వి.ఆర్.ఓ. పోస్టులు కూడా పోయాయి. ఊళ్ళో చదువుకున్న పెద్దమనిషి ఎవరని చూస్తే, చూపు పెన్షనరు ఇంటి వైపే పోతుంది.

ముందుగా చట్టం ఏమంటుందో చూద్దాం. ఇంగ్లీషువారి 1878 నాటి చట్టం స్థానంలో 1959 ఆయుధాల చట్టం వచ్చింది. అది 1962 అక్టోబరు 1 నుంచి అమలులో ఉంది. దాని 3వ సెక్షను ప్రకారం లైసెన్సు లేకుండా తుపాకి గానీ, తూటాలు గానీ ఉంచుకోరాదు. అలా ఉంచుకుంటే 2019 డిసెంబరు సవరణకు ముందు ఒక ఏడాది నుంచి మూడేళ్ళ వరకు జైలు ఉండేది. ఆ సవరణ తర్వాత రెండేళ్ళ నుంచి అయిదేళ్ళ వరకు, జరిమానా అదనం. నిషేధిత ఆయుధమైతే ఏడేళ్ళ నుంచి పద్నాలుగేళ్ళ వరకు. ఇంటి పనికో, సేద్యానికో మాత్రమే తయారైన పనిముట్లు ఈ చట్టం కింద ఆయుధాలు కావు. కర్రలు, చేతికర్రలు కూడా అంతే. కాబట్టి గొడ్డలి, కొడవలి ఇంట్లో ఉన్నాయని ఎవరూ భయపడనక్కరలేదు.

శిక్ష పెద్దది. నిరూపించవలసిన విషయం చూడటానికి చిన్నది. "ఫలానా మనిషి దగ్గర ఫలానా తుపాకి దొరికింది" అనే ఒక్క వాక్యం. హత్య కేసులో శవం ఉంటుంది, గాయాలుంటాయి, పగ ఉంటుంది, డాక్టరు రిపోర్టు ఉంటుంది. ఆయుధ కేసులో చాలాసార్లు ఆ ఒక్క వాక్యమే కేసంతా. కనుక ఆ వాక్యం నిజమని చెప్పే మనిషి ఎవరు, అతని మాటకు తోడు ఏముంది అనే ప్రశ్న మీదే తీర్పు ఆధారపడుతుంది.

ఇక్కడ "దగ్గర ఉండటం" అనే మాటకు కూడా అర్థం తెలుసుకోవాలి. తుపాకి చేతిలోనే ఉండనక్కరలేదు. మరొకరి దగ్గర దాచినా, అది తన అధీనంలో ఉంటే చాలు. కానీ అది ఉన్నట్టు ఆ మనిషికి తెలిసి ఉండాలి. 1972లో గున్వంత్‌లాల్ కేసులో సుప్రీంకోర్టు ఈ సంగతి స్పష్టం చేసింది. తెలియకుండా మన సంచిలో ఎవరో పెట్టిపోయినది మన స్వాధీనం కాదు. మరి పదిమంది ఉండే ఇంట్లో దొరికితే? అదే చట్టంలోని 35వ సెక్షను ప్రకారం, ఉమ్మడిగా ఉండే చోట ఆయుధం దొరికినప్పుడు, అక్కడి వారిలో ఎవరికి ఆ సంగతి తెలుసునని నమ్మడానికి కారణం ఉందో వారందరూ బాధ్యులే, కాదని వారు రుజువు చేసుకుంటే తప్ప. ఉమ్మడి కుటుంబాలు ఇంకా మిగిలి ఉన్న మన వైపు ఈ సెక్షను అందరూ గుర్తుంచుకోవాలి.

ఇక సాక్షుల సంగతి. ఎంతమంది సాక్షులుంటే కేసు రుజువైనట్టు? దీనికి మన చట్టంలో లెక్క లేదు. 1872 సాక్ష్య చట్టం 134వ సెక్షను, ఇప్పుడు భారతీయ సాక్ష్య అధినియమంలో 139వ సెక్షను, ఏ విషయం రుజువు చేయడానికైనా ఇంతమంది సాక్షులే కావాలన్న నియమం లేదని చెబుతుంది. 1957లో వడివేలు తేవర్ కేసులో సుప్రీంకోర్టు సాక్షులను మూడు రకాలుగా విడదీసింది. పూర్తిగా నమ్మదగినవాడు, ఎంతమాత్రం నమ్మరానివాడు, అటూ ఇటూ కానివాడు. మొదటి రకం ఒక్కడున్నా శిక్ష వేయవచ్చు. రెండో రకం వందమంది ఉన్నా లాభం లేదు. చిక్కంతా మూడో రకంతోనే. అతని మాటకు మరొక వైపు నుంచి బలం రావాలి. దానినే కోర్టులో కొరాబొరేషన్ అంటారు. మనం ఊతం అనుకుందాం.

ఊతం అంటే ఒకే మాటను ఇద్దరు వల్లించడం కాదు. ఒకే స్టేషనులో పనిచేసే ముగ్గురు ఒకే వాక్యం చెబితే అది ఒకటే గొంతు మూడుసార్లు వినిపించినట్టు. మొదటి సాక్షి ప్రభావం లేని మరో చోటు నుంచి అదే విషయం బయటపడాలి. ఆ పని పంచు చేయగలడు, స్టేషను జనరల్ డైరీలో టైము చేయగలదు, మాల్‌ఖానా రిజిస్టరులో నమోదు చేయగలదు, ముద్దమాల్‌పై చెక్కుచెదరని సీలు చేయగలదు, ఫోరెన్సిక్ లేబొరేటరీ నివేదిక చేయగలదు.

అలాగని పోలీసువారి సాక్ష్యాన్ని పోలీసువారిదైనందుకే తోసిపుచ్చమని ఏ కోర్టూ చెప్పలేదు. ఇతరుల్లాగే పోలీసు అధికారి కూడా నిజాయితీగా పనిచేస్తాడనే భావించాలని 1956 నాటి నుంచి సుప్రీంకోర్టు చెబుతూనే ఉంది. 1996లో తాహిర్ కేసులో కూడా అదే మాట. ఆ సాక్ష్యం నమ్మదగినదిగా నిలబడితే బయటి సాక్షి లేకపోయినా శిక్ష పడవచ్చు. కాకపోతే దాన్ని జాగ్రత్తగా పరిశీలించాలి. బయటి సాక్షులు అందుబాటులో ఉండి కూడా ఎందుకు పిలవలేదన్న ప్రశ్నకు జవాబుండాలి.

ఊహకు ఒక ఉదాహరణ చెప్పుకుందాం. దేవరకొండ వైపు ఒక ఊరు అనుకోండి. ఒక రైతు కల్లంలోని గడ్డివాములో బర్మారు తుపాకి దొరికింది. అడవిపందుల బెడదకు అలాంటివి మన గుట్టల వైపు చేలల్లో కనిపించడం మీకు తెలిసినదే. పంచనామాలో సాయంత్రం ఆరు గంటలకని రాశారు. ఎస్.ఐ.గారు ఆరు గంటలకని చెప్పారు. ఒక పంచు కోర్టులో, "నన్ను మర్నాడు స్టేషనుకు పిలిచి సంతకం చేయించారు, గడ్డివాము నేను చూడలేదు" అన్నాడు. రెండో పంచు, "తుపాకి చూశాను, ఎక్కడి నుంచి తీశారో చూడలేదు" అన్నాడు. తుపాకికి అక్కడే సీలు వేసినట్టు కాగితంలో లేదు. కల్లానికి కంచె లేదు, దారిన పోయే ఎవరైనా రావచ్చు.

ఇప్పుడు జడ్జిగారి ముందు ఏముంది? రైతు నేరం చేసి ఉండవచ్చు. చేయకపోయి ఉండవచ్చు. పగవాడెవడో గడ్డిలో దూర్చి ఫోను చేసి ఉండవచ్చు. "కావచ్చు" అన్న మాటకూ "అయి తీరాలి" అన్న మాటకూ మధ్య చాలా దూరం ఉందనీ, ఆ దూరమంతా నమ్మదగిన సాక్ష్యంతోనే దాటాలనీ 1957లో సర్వణ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. సీలు విషయంలో కూడా ఒక తీర్పు ఉంది. 1995లో పంజాబుకు చెందిన అమర్‌జీత్ సింగ్ కేసులో, దొరికిన రివాల్వరుకు అక్కడికక్కడ సీలు వేయకపోవడాన్ని తీవ్రమైన లోపంగా ఎంచారు. దొరికిన వస్తువు, కోర్టుకు వచ్చిన వస్తువు ఒకటేనని చెప్పే తాడు ఆ సీలే కదా.

పంచు కోర్టులో ఎదురు తిరిగితే అతని సాక్ష్యం మొత్తం చెరిగిపోతుందని కొందరు అనుకుంటారు. అది సరికాదు. ఎదురు తిరిగిన సాక్షి మాటల్లో నమ్మదగిన భాగం ఏదైనా ఉంటే కోర్టు దాన్ని తీసుకోవచ్చని 1976లోనూ, 1991లోనూ సుప్రీంకోర్టు తీర్పులున్నాయి. అయితే పాము చావకుండా, కర్ర విరగకుండా మాట్లాడే పంచు వల్ల జరిగే నష్టం చిన్నది కాదు. అతను అసలు చూడకుండా సంతకం చేశాడా? చూసి కూడా భయపడి మాట మార్చాడా? ఈ రెంటిలో ఏది నిజమో జడ్జిగారికి తెలియదు. ఆ తెలియకపోవడమే సంశయం.

ముద్దాయి చెప్పిన మాట మీద దొరికిన ఆయుధం సంగతి వేరు. పోలీసుల దగ్గర చేసిన ఒప్పుకోలు సాక్ష్యంగా చెల్లదు. కానీ ఆ మాట వల్ల ఒక విషయం బయటపడితే అంతవరకు చెల్లుతుంది. ఆ "అంతవరకు" అన్నది ఎంతవరకో తేల్చిన కేసు మన తెలుగువారిదే. గుంటూరు జిల్లా నుంచి లండన్ ప్రీవీ కౌన్సిల్ దాకా పోయిన పులుకూరి కొట్టయ్య కేసు. తీర్పు 1946 డిసెంబరులో వచ్చింది. "ఈ బల్లెంతో పొడిచాను, ఫలానా చోట దాచాను, చూపిస్తాను" అన్న మాటల్లో దాచిన సంగతీ, చూపించే సంగతీ చెల్లుతాయి గానీ, పొడిచిన సంగతి చెల్లదని ఆ తీర్పు సారాంశం. దొరికింది బల్లెం ఒక్కటే కాదు, అది అక్కడ ఉన్నట్టు అతనికి తెలుసునన్న విషయం కూడా. దేశంలోని కోర్టులన్నీ ఈనాటికీ ఈ తీర్పును ఉదహరిస్తాయి. ఇక్కడ కూడా పంచు పాత్ర ఉంది. ముద్దాయి ముందు నడిచి చూపించాడా, పోలీసులు ముందే పోయి నిలబడ్డారా అన్నది చెప్పవలసినవాడు అతనే.

ఇంతకీ సంశయం అంటే ఏది? మనసులో పుట్టే ప్రతి అనుమానమూ సంశయం కాదు. సాక్షి ఒకరు చొక్కా రంగు తప్పు చెప్పాడని కేసు కొట్టేయరు. 1973లో శివాజీ బోబ్డే కేసులో జస్టిస్ కృష్ణయ్యర్‌గారు, అనుమానాన్ని అతిగా ముద్దు చేస్తే నేరస్థులు తప్పించుకుంటారనీ, సమాజానికి అది కూడా అన్యాయమేననీ హెచ్చరించారు. అదే ఏడాది కాళీరామ్ కేసులో, సాక్ష్యాన్ని రెండు విధాలుగా అర్థం చేసుకునే వీలుంటే ముద్దాయికి అనుకూలమైన అర్థాన్నే తీసుకోవాలని చెప్పారు. ఈ రెండు మాటలూ కలిపి చదువుకోవాలి. కారణం చూపగలిగిన అనుమానమే సంశయం. మనం ఫైలు మీద నోటు రాసేటప్పుడు "అనుమానంగా ఉన్నది" అని ఊరికే రాస్తే పై అధికారి ఒప్పుకునేవారా? ఎందుకో రాయమనేవారు. ఇదీ అంతే.

ఈ సంశయం ఎవరికో చేసే మేలు అనుకోవద్దు. మన జిల్లాల చరిత్ర తెలిసినవారికి దాని విలువ తెలుసు. పోలీసు చర్య తర్వాత, 1949లో నల్లగొండలో ప్రత్యేక ట్రిబ్యునళ్ళు సాయుధ పోరాటంలోని పన్నెండు మందికి మరణశిక్ష వేశాయి. అవి హత్య కేసులు. తమకు వకీలు సాయం సరిగా అందలేదన్న ఫిర్యాదు సుప్రీంకోర్టు దాకా పోయింది. 1951 మార్చి 16న జనార్దన్ రెడ్డి కేసులో సుప్రీంకోర్టు జోక్యం చేసుకోలేదు. ఆ విచారణలు రాజ్యాంగం అమలులోకి రాకముందువన్నది ముఖ్య కారణం. చివరకు ఆ ఉరిశిక్షలు అమలు కాలేదు, యావజ్జీవ శిక్షలుగా మారాయి.

అదే కాలంలో అవతలి పక్షం మనిషి కేసు ఒకటి. నిజాం సర్కారులో వరంగల్ సుబేదారుగా ఉన్న హబీబ్ మొహమ్మద్, 1947 డిసెంబరులో గూర్తూరు గ్రామంలో కాల్పులు జరిపించారన్న అభియోగం మీద శిక్ష పొందారు. ఆయన వెంట ఉన్నట్టు చెప్పిన పోలీసు అధికారిని ప్రాసిక్యూషను సాక్షిగా పిలవలేదు. ముద్దాయి కోరిన సాక్షులను పిలిపించడానికి కూడా కింది కోర్టు ఒప్పుకోలేదు. 1953 అక్టోబరులో సుప్రీంకోర్టు, ఇది న్యాయమైన విచారణ కాదంటూ శిక్షను రద్దు చేసింది. ఆయన మంచివాడా, చెడ్డవాడా అని ఆ తీర్పు చెప్పలేదు. అందుబాటులో ఉన్న ముఖ్య సాక్షిని పిలవకుండా మనిషిని శిక్షించకూడదని చెప్పింది. రైతుకైనా, సుబేదారుకైనా ఒకటే తూకం ఉండాలి. లేకపోతే సర్కారు మారినప్పుడల్లా తూకం మారుతుంది.

తర్వాతి దశాబ్దాల్లో నల్లమల అంచున ఉన్న పాలమూరు ఊళ్ళు రెండు వైపుల భయం మధ్య బతికాయి. పంచుగా పోతే అడవిలోవారికి కోపం, పోకపోతే ఠాణాకు కోపం. అలాంటి రోజుల్లో సాక్షి నోరు విప్పలేదంటే తప్పు పట్టలేం. కానీ భయం పోయిన చోట కూడా అలవాటు మిగిలిపోయింది. "మనకెందుకు వచ్చిన గొడవ" అని కొందరు తలుపు వేసుకుంటారు. "ఎస్.ఐ.గారు అడిగారు కదా" అని కొందరు చూడకుండానే సంతకం పెడతారు. మొదటిదాని వల్ల నిజమైన నేరస్థుడు బయటపడతాడు. రెండోదాని వల్ల నిరపరాధి జైలుకు పోవచ్చు, లేదా క్రాస్ ఎగ్జామినేషన్‌లో అసలు సంగతి బయటపడి మంచి కేసు కూడా పాడు కావచ్చు. రెండింటి ఫలితమూ ఒకరి ఇంటి మీదే పడుతుంది.

కనుక మన సభ్యులకు నా మనవి ఇది. పంచుగా పిలిస్తే వెళ్ళండి. రాతపూర్వకంగా పిలిచినప్పుడు తగిన కారణం లేకుండా నిరాకరించడం నేరం కూడా. వెళ్ళాక మొదటి నుంచి చివరి దాకా ఉండండి. వస్తువు ఎక్కడి నుంచి తీశారో కళ్ళారా చూడండి. ఆ చోటు ఎవరి అధీనంలో ఉందో, తాళం ఎవరి దగ్గరుందో గమనించండి. టైము రాసుకోండి. తుపాకి మీద ఏ గుర్తు, ఏ నంబరు ఉందో పంచనామాలోకి ఎక్కించమనండి. మీ ముందే సీలు వేయమనండి. చదివి, తప్పుంటే దిద్దించి, అప్పుడు సంతకం చేయండి. ఖాళీ కాగితం మీద గానీ, మర్నాడు స్టేషనులో గానీ చేయవద్దు. సర్వీసంతా ఖాళీ ఓచరు మీద సంతకం చేయకుండా బతికినవాళ్ళం, ఇప్పుడు మాత్రం ఎందుకు చేయాలి? కొత్త చట్టంలోని 105వ సెక్షను ప్రకారం తనిఖీ, జప్తు, సాక్షుల సంతకాలు అన్నీ వీడియో తీయాలి, సెల్‌ఫోనుతోనైనా సరే. అది మీకూ రక్షణే. సమను వస్తే కోర్టుకు వెళ్ళి చూసింది చూసినట్టు, చూడనిది చూడలేదని చెప్పండి. బెదిరింపు ఉంటే, 2018 డిసెంబరులో సుప్రీంకోర్టు ఆమోదించిన సాక్షుల రక్షణ పథకం కింద దరఖాస్తు చేసుకునే వీలుంది.

మరొక మాట మన ఇళ్ళ గురించి. నాన్నగారి కాలం నాటి లైసెన్సు తుపాకి అటక మీద ఉన్న ఇళ్ళు మనలో ఉంటాయి. లైసెన్సుదారు పోయాక ఆ తుపాకి మనదే కదా అని ఉంచుకుంటే అది అక్రమమే. ఆలస్యం చేయకుండా పోలీసు స్టేషనులో గానీ, లైసెన్సు ఉన్న డీలరు వద్ద గానీ డిపాజిట్ చేసి రసీదు తీసుకోవాలి. వారసుడు తన పేరిట లైసెన్సుకు దరఖాస్తు పెట్టుకోవచ్చు. 2016 నియమాల ప్రకారం లైసెన్సుదారుకు డెబ్బై ఏళ్ళు నిండినా, ఆ తుపాకి పాతికేళ్ళుగా ఉన్నా, తాను బతికి ఉండగానే వారసుని పేరు సూచించవచ్చు. డెబ్బై దాటిన మిత్రులు ఇక్కడ చాలామంది ఉన్నారు. పెన్షన్ నామినేషన్ కాగితాలతో పాటు ఈ కాగితం కూడా ఒకసారి చూసుకోండి. పంట కాపలాకు బర్మారు కావలసిన రైతు బంధువులుంటే, దానికి కూడా లైసెన్సు ఇచ్చే వీలు చట్టంలోనే ఉందని చెప్పండి.

మనం సంతకానికి విలువ ఉన్న ఉద్యోగాలు చేశాం. పదవీ విరమణతో సీటు పోయింది గానీ, సంతకం విలువ పోలేదు. పంచనామా మీద పెట్టినప్పుడు దానికి ఒక మనిషి స్వేచ్ఛ అంత బరువు ఉంటుంది. చూసినదానికే సంతకం చేద్దాం, చేసినదానికి కోర్టులో నిలబడదాం.